వడ్డీ లేని కుదువ

కేతేపల్లికి కోసెడు దూరంలో, రాళ్లగుట్ట కింద ఒక చిన్న ఊరు. ఆ ఊళ్లో గొర్రెలు కాసే కురుమల ఇండ్లు పదో పన్నెండో ఉండేవి. వాటిలో గుర్వయ్య ఇంటికి బక్కమ్మ కోడలుగా వచ్చిన నాటికి ఆ ఇంట్లో గొప్పగా చెప్పుకోదగ్గవి రెండే ఉన్నాయి. ఒకటి గొర్రెల మంద. రెండోది ఊరికి తూర్పున ఉన్న నాలుగెకరాల మెట్ట చెలక. కొత్త కోడలు మూడో నాడే చెలక చూపించమని అడిగింది. గాజులో చీరో అడుగుతుందనుకున్న గుర్వయ్య తెల్లబోయాడు. తరువాత చాలా ఏండ్లు ఆ సంగతి చెప్పి నవ్వేవాడు.

ఆ చెలక గుర్వయ్య తండ్రి బీరప్ప చేతి పని. ఆయన చేతికి వచ్చినప్పుడు అది ఒట్టి గులకరాళ్ల బీడు. కంప కొట్టాడు, రాళ్లు ఏరి గట్టు పెట్టాడు, ఆ పైన అసలు పని గొర్రెలతో చేయించాడు. ఎండాకాలం వస్తే మందను రాత్రిళ్లు ఆ చెలకలోనే తడకలు కట్టి పండబెట్టేవాడు. రాత్రంతా గొర్రెలు పండిన జాగాలో పెంటికలు, ఉచ్చ నేలకు పడతాయి. మర్నాడు తడకలు పీకి పక్కకు జరిపితే ఇంకో పట్టె. అలా జరుపుకుంటూ పోతే వానలు పడే నాటికి చెలకంతా ఒక చుట్టు తిరిగి వస్తుంది. కొన్నేండ్లలో ఆ బీడు మీద మనిషి మునిగేంత జొన్న లేచింది. అది చూసి తక్కిన రైతులు కూడా మా చెలకలో నాలుగు రాత్రులు మంద పెట్టమని వచ్చి అడిగేవారు, పెట్టినందుకు గింజలు కొలిచేవారు. ఇంట్లో గుమ్మి అడుగంటే రోజుల్లో ఆ గింజలే పొయ్యి మీదికి వచ్చేవి.

అయితే ఇదంతా ఆ ఇంట్లో ఎవరూ లెక్కలా చెప్పుకోలేదు. గొర్రెలన్నాక ఎక్కడో ఒకచోట పడుకుంటాయి, పడుకున్నచోట పెంట వేస్తాయి. దాన్ని ఆస్తి అని ఎవరనుకుంటారు?

పోలీసు చర్య అయిపోయి ఊళ్లు కుదుటపడుతున్న రోజుల్లో మందకు బొబ్బరోగం తగిలింది. పొద్దున చూస్తే రెండు, మాపున చూస్తే మూడు, అలా కాళ్లు చాపుకుని పడిపోయేవి. నెల తిరిగేసరికి సగానికి పైగా పోయాయి. గుర్వయ్య తిండి మానేసి దొడ్డి ముందు కూర్చునేవాడు. అప్పటికి బక్కమ్మ నిండు నెలల మనిషి. ఆమె తన బాధ పక్కన పెట్టి, అన్నం గిన్నె దొడ్డి దగ్గరికే తీసుకుపోయి, చిన్నపిల్లవానికి పెట్టినట్టు ముద్దలు పెట్టింది. బతికిన గొర్రెలకు తోడు మళ్లీ నాలుగు కొంటే తప్ప ఇల్లు నిలబడదని ఇద్దరికీ తెలుసు. చేతిలో పైస లేదు.

అప్పుడు ఆదుకున్నవాడు పర్వతాలు అనే పొరుగు రైతు. వాళ్ల చెలక గట్టుకు అవతల చెలక ఆయనది. కాపు మనిషి, మాట కొంచెం పెళుసు, చెయ్యి గట్టి. కాని చెడ్డవాడని ఎవరూ అనలేదు. గుర్వయ్య ఆయన్ను అన్నా అనేవాడు, బక్కమ్మ బావా అనేది. గొర్రెలు కొనుక్కోవడానికి డబ్బిస్తానని ఆయనే కబురు పెట్టాడు. చెలకను కుదువ రాయాలి, దున్నుకోవడం మాత్రం గుర్వయ్యే దున్నుకోవచ్చు. వడ్డీ సంగతి గుర్వయ్య భయపడుతూ భయపడుతూ ఎత్తితే ఆయన చేత్తో తోసేశాడు.

"వడ్డీ గిడ్డీ నాకు వద్దు తమ్మీ. అసలు తీరేదాంక ఎండకాలం నీ మంద నా చెల్కల పండబెట్టు. గంతే."

చుట్టుపక్కల ఊళ్లలో అప్పుకు పంటలో పాలు గుంజుకునేవాళ్లున్నారు, భూమినే గుంజుకునేవాళ్లూ ఉన్నారు. అలాంటి రోజుల్లో ఇంత మెత్తని షరతు ఎవరూ వినలేదు. పట్వారి కాగితం రాశాడు, గుర్వయ్య వేలిముద్ర వేశాడు. ఆ వారమే ఇంట్లో మేక ఈనితే బక్కమ్మ జున్ను వండి పర్వతాలు భార్య లీలమ్మకు పంపించింది. ఆ నెలలోనే బిడ్డ పుడితే సైదమ్మ అని పేరు పెట్టుకున్నారు. కాబట్టి అప్పు ఎన్నేండ్లదని ఎవరైనా అడిగితే బిడ్డను చూపిస్తే సరిపోయేది.

ఈ కథలో కోపం తెచ్చుకుందామంటే ఎవరి మీద తెచ్చుకోవాలో తెలియదు. పర్వతాలు మోసం చేయలేదు. వడ్డీ వదిలేసి సాటి మనిషికి మేలు చేశానని ఆయన నిజంగానే నమ్మాడు. తీసుకున్నవాళ్లూ అదే నమ్మారు. అందరూ మంచివాళ్లే అయిన చోట నష్టాన్ని కనిపెట్టేవాడు ఉండడు, అదే వచ్చిన చిక్కు.

మొదటి రెండేండ్లు ఏ తేడా రాలేదు. బీరప్ప నాటి బలం చెలకలో ఇంకా ఉంది. మూడో ఏడు జొన్న కొంచెం తగ్గితే వాన మీద పెట్టారు. ఆ మరుసటి ఏడు విత్తనం మీద పెట్టి, దేవరకొండ దిక్కు నుంచి కొత్త విత్తనం తెచ్చి చల్లారు. తరువాత ఎవరిదో కన్ను తగిలిందన్నారు. బక్కమ్మ చెలక మధ్యలో గుంజ పాతి పాత చెప్పు కట్టింది, పోచమ్మకు కోడిని కోసింది. నైజాం రూపాయి పోయి ఇండియా రూపాయి వచ్చింది, అణాలు పోయి నయాపైసలు వచ్చాయి. అప్పు మాత్రం ఇచ్చిన నాడు ఎంతో అంతే ఉంది. పెరగలేదు కదా అని గుర్వయ్యకు ధీమా. తగ్గలేదు కదా అని ఎవరికీ తోచలేదు.

ఏటా గొర్రెపిల్లలు అమ్మిన డబ్బు ఈసారి అసలు కిందికి కట్టేద్దామనుకునేవారు. ఇంతలో కార్తె తిరిగేది, గుమ్మి అడుగంటేది, ఆ డబ్బు నకిరేకల్ అంగట్లో జొన్నలకు పోయేది. మునుపు మంద పెట్టినందుకు రైతులు కొలిచిన గింజలు ఇప్పుడు లేవు. ఎండాకాలమంతా మంద పర్వతాలు చెలకలోనే ఉంటే ఇంకొకరి చెలకకు ఎక్కడినుంచి వస్తుంది? బక్కమ్మ తొందరపెడితే గుర్వయ్య ఎప్పుడూ ఒకే మాట అనేవాడు. వడ్డీ నడిచే అప్పయితే ఉరకాలె, మనకేం ఫికర్ అనేవాడు. 

సైదమ్మ కొంగు పట్టడం మాని కొప్పు పెట్టుకునే ఈడుకు వచ్చిన ఏడు, బక్కమ్మ పర్వతాలు చెలకకు కంకులు కోయడానికి కూలికి పోయింది. ఆ ఏడు తమ చెలకలో కోత ఒక్క పూటలో అయిపోయింది. ఇక్కడ కంకి అందుకోవడానికి మునివేళ్ల మీద నిలబడాల్సి వచ్చింది. చేతిలోకి వంచిన కంకి బరువుకు మణికట్టు లాగింది. ఆమెకు చటుక్కున తాను కొత్త కోడలుగా చూసిన జొన్న గుర్తుకు వచ్చింది. అది ఇలాగే ఉండేది. కాని అది గట్టుకు తమ వైపు ఉండేది.

కూలికి లీలమ్మ గింజలే కొలిచింది, కొంచెం ధారాళంగానే కొలిచింది. సాయంత్రం బక్కమ్మ ఆ జొన్నలు విసిరి గటక వండింది. గింజ నీళ్లకు ఎంత ఉబ్బిందో కుండే చెప్పింది. పొద్దంతా మందతో ఉన్న గుర్వయ్యకు ఆమె కూలికి పోయిన సంగతి తెలియదు. మంద దొడ్డికి తోలి వచ్చి, కాళ్లు కడుక్కుని, గటకలో మజ్జిగ పోసుకుని తిన్నాడు. సగం తిన్నాక తల ఎత్తాడు. చాలా నాళ్లకు అతని మొహం తేటగా కనిపించింది.

"గీ యేడు మన చెల్క మల్ల కోలుకున్నదే. నాయిన ఉన్నప్పుడు గింజ గిట్లనే ఉండె."

బక్కమ్మ ఊళ్లో ఎవరితోనైనా తగువు పెట్టుకోగల మనిషి, మొగుని సంతోషాన్ని మాత్రం చెడగొట్టలేకపోయింది. ఇంకొంచెం మజ్జిగ పోసి పక్కకు తిరిగింది. ఆ పూటకు అతన్ని తృప్తిగా తిననిచ్చింది.

మర్నాడు పొద్దున మందను మేతకు తోలక ముందే అతని చెయ్యి పట్టుకుని చెలకకు తీసుకుపోయింది. ముందు తమ చెలకలో నిలబెట్టి, కోసిన జొన్న కొయ్యల్ని చూడమంది. చిటికెన వేలంత ఉన్నాయి. మట్టి గట్టిపడి, తెల్లని గులక మళ్లీ పైకి తేలింది. తరువాత గట్టు దాటించి పర్వతాలు చెలకలో నిలబెట్టింది. అక్కడ కంకులు కోసిన దంట్లు బొటనవేలి కన్నా లావుగా ఉన్నాయి. వంగి పిడికెడు మట్టి తీసి అతని అరచేతిలో పోసింది. నల్లగా, మెత్తగా, వేళ్ల సందుల్లోంచి జారింది. నిన్న నువ్వు తిన్నది ఈ మట్టి గింజ అని అప్పుడు చెప్పింది.

గుర్వయ్య ఆ మట్టిని వేళ్లతో నలిపాడు. పర్వతాలన్న ఒక్క పైస వడ్డీ అడగలేదు గదా అని గొణిగాడు.

"పైసలు అడిగితే మంచిగుండేది," అంది బక్కమ్మ. "పైసలు పోతుంటే కండ్లకు కనబడేది, ఎట్లనో ఒకట్ల తీర్చుకుందుము. మీ నాయిన చేసిన బలమంత తెచ్చి గట్టు అవుతల పోసినం. ఇన్నేండ్లు పోసినా అసలు గట్లనే ఉన్నది."

కోపంతో చెప్పలేదు.  గుర్వయ్య కర్ర పక్కన పెట్టి గట్టు మీద కూలబడ్డాడు. తల ఎత్తకుండానే తనలో దాచుకున్నది బయటపెట్టాడు.

"రెండేండ్ల సంది నాకు అనుమానమే. గొర్లు కాసేటోన్ని, పెంట సంగతి నాకు తెల్వదా? నీకు చెప్తే గొర్లమ్మి అప్పు కడదామంటవని చెప్పలే."

ముందు రాత్రి గటక తింటూ అతని మొహం ఎందుకు అంత వెలిగిందో బక్కమ్మకు అప్పుడు అర్థమైంది. చెలక తనంతట తానే కోలుకుందని, ఇక గొర్రెలు అమ్మే పని తప్పిందని అనుకున్నాడు ఆ పిచ్చివాడు. ఆమెకు అతని మీద రావలసిన కోపం రాలేదు. పక్కన కూర్చుని, మట్టి అంటిన ఆ చేతిని తన కొంగుతో తుడిచింది. ఇద్దరూ లేచేసరికి దొడ్డిలో గొర్రెలు ఆకలికి అరుస్తున్నాయి.

ఆ వారంలోనే బక్కమ్మ పర్వతాలు ఇంటికి పోయింది. అప్పు మాఫీ చేయమని అడగలేదు. ఎండాకాలంలో సగం రాత్రులు మందను తమ చెలకలో పండబెట్టుకుంటామని, సగం ఆయనకే పెడతామని అడిగింది. పెంట వల్ల తమకు పోయింది ఎంతో, ఆయనకు వచ్చింది ఎంతో కూడా దాచకుండా చెప్పింది. పర్వతాలుకు ఆ మాట ముల్లులా గుచ్చుకుంది. వడ్డీ లేకుండా ఇచ్చినందుకు ఇదా నాకు దక్కిన పేరని ఎగిరాడు. అన్న మాట అన్నట్టే నడవాలని, అసలు తెచ్చి ఇచ్చిన నాడు కాగితం తీసుకుపొమ్మని తేల్చేశాడు. లీలమ్మ మంచినీళ్లు తెచ్చి ఇద్దరి మధ్య నిలబడింది. బక్కమ్మ ఆ నీళ్లు తాగి, పోయొస్తా అక్కా అని చెప్పే బయటికి వచ్చింది.

అప్పటినుంచి ఆ ఇంట్లో తొందర మొదలైంది. వడ్డీ పెరిగే అప్పును తీర్చేవాళ్లు ఎంత తొందరపడతారో అంతకన్నా ఎక్కువ తొందర. అప్పట్లో మూసీ మీద ప్రాజెక్టు కట్ట పని నడుస్తోంది. బక్కమ్మ రెండు కాలాలు అక్కడ మట్టి తట్టలు మోసింది. గుర్వయ్య కాస్త సందు దొరికినా ఉన్ని వడికి గొంగళ్లు నేశాడు. సైదమ్మ ఇల్లు చూసుకుంది. ఇంత చేసినా కొంత తక్కువే పడింది. ఆ తక్కువ ఎక్కడినుంచి రావాలో ఇద్దరికీ తెలుసు. బక్కమ్మ మాత్రం ఆ మాట ఎత్తలేదు, అతనే ఎత్తాలని ఊరుకుంది.

ఒక మంగళవారం గుర్వయ్య తానే లేచి మందలోకి పోయాడు. ఒక్కో గొర్రె చెవి పట్టుకుని చూసి, మళ్లీ వదిలి, మళ్లీ పట్టుకున్నాడు. ఏదీ పరాయిది కాదు, ఏది ఏ తల్లి పిల్లో అతనికి తెలుసు. చివరికి మందలో సగం వేరు చేసి నకిరేకల్ అంగడికి తోలుకుపోయాడు. ఆ మాపున తిరిగి వస్తుంటే మంచి ఎండాకాలం, అయినా నెత్తి మీదినుంచి గొంగడి ముసుగు కప్పుకుని ఉన్నాడు. ఎదురుపడ్డవాళ్లకు జ్వరమని చెప్పాడట. బక్కమ్మ ఆ ముసుగు తీయలేదు. అలాగే కూర్చోబెట్టి నీళ్లిచ్చింది.

డబ్బు పర్వతాలు చేతిలో పెట్టింది మర్నాడు. ఆయన లెక్క చూసుకుని, పెట్టెలోంచి కాగితం తీసి ఇచ్చాడు. గొర్లు అమ్మినవా అని ఒక్క మాట అడిగాడు. అమ్మిన అన్నాడు గుర్వయ్య.  ఆ రోజంతా పర్వతాలు తన చెలకలో పని లేకుండా తిరుగుతూ కనిపించాడని ఊరివాళ్లు అనుకున్నారు.

ఆ సాయంత్రం బక్కమ్మ ముందుగానే తమ చెలకకు చేరి తడకలు కట్టింది. నేల ఊడ్చి, కంప సర్ది, కట్టిన తడకను మళ్లీ విప్పి మళ్లీ కట్టింది. ఇన్నేండ్లకు తమ మంద తమ నేల మీద పండబోతోంది. ఆమె గుండె పెండ్లిపిల్ల గుండెలా కొట్టుకుంది, ఆ వయసులో అదేం సిగ్గో ఆమెకే నవ్వు వచ్చింది. దూరంగా దుమ్ము లేచింది. గుర్వయ్య వెనకనుంచి తోలుతూ వస్తున్నాడు.

మంద చెలకల దారి దగ్గరికి వచ్చింది. వచ్చి, ఎవరూ అదిలించకుండానే, పర్వతాలు చెలక దిక్కు తిరిగింది. గుర్వయ్య అరిచాడు, ముందుకు ఉరికి కర్ర అడ్డం పెట్టాడు. గొర్రెలు కర్ర పక్కనుంచి ఒకదాని వెనక ఒకటి గట్టు ఎక్కాయి. ఆ మందలో ఉన్నవన్నీ కుదువ రాసిన తరువాత పుట్టినవే. పుట్టిన నాటినుంచి ప్రతి ఎండాకాలం అవి పండింది ఆ చెలకలోనే. వాటికి తెలిసిన పడక అదే. ఇవతల తడకలు కట్టుకుని ఎదురుచూస్తున్న మనిషి ఎవరో వాటికి పట్టలేదు.

బక్కమ్మ చేతిలో తాడు అలాగే ఉండిపోయింది. భూమి బలం పోయిందని చూసింది, గింజలు పోయాయని చూసింది, గొర్రెపిల్లలమ్మిన డబ్బు పోయిందని చూసింది. ఇది మాత్రం అనుకోలేదు. కట్టవలసింది కట్టేశామనుకున్న పూట ఇంకా ఇంత మిగిలి ఉందా అని ఆమెకు ఏడుపు వచ్చింది, ఆపుకోకుండా ఏడ్చింది.

అప్పుడు గట్టు మీద పర్వతాలు కనిపించాడు. తలపాగా విప్పి రెండు చేతులా పట్టుకుని, చేతులు బార్లా చాచి, తన చెలకకు దారి మూసి నిలబడ్డాడు. గొర్రెలు ఆయన కాళ్ల మధ్యకు దూరబోయాయి. ఆయన వంగి మోకాళ్లతో అడ్డుకుని, అప్పటికే అవతలికి దాటిన వాటిని ఒక్కొక్కటిగా మెడ పట్టుకుని ఇవతలికి దించాడు.

"బక్కమ్మా, నువ్వు ముందట నడువు. నేను ఎన్కకెల్లి తోల్త," అన్నాడు.

బక్కమ్మ కళ్లు తుడుచుకుని ముందు నడిచింది. గుర్వయ్య పక్కనుంచి, పర్వతాలు వెనకనుంచి అదిలిస్తుంటే మంద బెదురుతూ బెదురుతూ తడకల్లోకి వచ్చింది. అంతా లోపలికి వచ్చాక చూస్తే సగం మందకు పట్టిన జాగా చాలా చిన్నది, చుట్టూ చెలక ఎంతో మిగిలిపోయింది. ఇంత మందతో ఇదంతా ఒక చుట్టు తిరగాలంటే ఎన్ని ఎండకాలాలు పడతయో అన్నాడు గుర్వయ్య. పడనీయి, మన చెల్కనే గదా అంది బక్కమ్మ.

పర్వతాలు ఇంటికి పోలేదు. తడక కొస పట్టుకుని నిలబడ్డాడు. గొర్రెల్ని చూస్తూనే నెమ్మదిగా అన్నాడు.

"నేను వడ్డీ తీస్కోలేదనుకున్న బక్కమ్మా."

"నేనూ గట్లనే అనుకున్న బావా," అంది ఆమె.

గుర్వయ్య తాడు అందించాడు. ఆఖరి తడకను ముగ్గురూ కలిసి బిగించారు.